పుట్టినరోజుల హాలులో గ్రాహం గ్రీన్

విజయనగరంలో ఈ మధ్య గంటల లెక్కన అద్దెకిచ్చే మినీ థియేటర్లు వచ్చాయి. పుట్టినరోజుకో పెళ్లిరోజుకో వచ్చి కేకు కోసి, బెలూన్ల ముందు ఫొటోలు దిగి, మిగిలిన సమయంలో ఏదో ఒక సినిమా వేయించుకొని వెళ్లేవారి కోసం వాటిని కట్టారు. అలాంటి ఒక హాలును, మొన్న 2025లో సిరిమానోత్సవం రద్దీ తగ్గిన తరువాత, మేము ఆరుగురం వరుసగా నాలుగు ఆదివారాలు అద్దెకు తీసుకొని, కెనడాకు చెందిన ఒనైడా ఆదివాసీ నటుడు గ్రాహం గ్రీన్ సినిమాలు చూశాము. యజమాని మర్యాదస్తుడే అయినా, లోపాలు కూడా రాయవలసి ఉంది కనుక హాలు పేరు ఇక్కడ చెప్పడం లేదు. ఒక హాలు మంచిదో కాదో చెప్పాలంటే అందులో ఏమి చూశామో కూడా చెప్పక తప్పదు. పాటలూ ఫైట్లూ చూసేవారికి ఇది బాగానే నచ్చుతుంది. గొంతు పెంచకుండా మాట్లాడే నటుణ్ని చూడటానికి పనికొస్తుందా అన్నదే మేము తేల్చుకోవాలనుకున్న సంగతి.

గ్రాహం గ్రీన్ అనగానే మాలో ఇద్దరికి ఆ పేరుతోనే ఉన్న ఆంగ్ల నవలాకారుడు గుర్తుకొచ్చాడు. ఆయన సినిమాల్లో ఎప్పుడు వేశాడని ఒకరు అడిగారు కూడా. ఈయన వేరు. 1952 జూన్ 22న ఒంటారియో రాష్ట్రంలో ఆదివాసీలకు కేటాయించిన సిక్స్ నేషన్స్ రిజర్వ్‌లో పుట్టాడు. నటుడు కాకముందు ఎత్తైన కట్టడాల మీద ఉక్కు పని చేశాడు, డ్రాఫ్ట్స్‌మన్‌గా గీతలు గీశాడు, రాక్ సంగీత బృందాలకు సౌండు చూసుకొనే పని కూడా చేశాడు. ఆదివాసీ యువతకు నాటకం నేర్పే పాఠశాలలో 1974లో శిక్షణ పూర్తి చేసి, టొరంటో రంగస్థలం మీదకు వచ్చాడు. 1989లో క్రీ ఆదివాసీ నాటకకర్త టాంసన్ హైవే రాసిన 'డ్రై లిప్స్ ఆటా మూవ్ టు కపుస్‌కేసింగ్' నాటకంలో నటనకు టొరంటో రంగస్థల పురస్కారమైన డోరా అవార్డు అందుకున్నాడు. ఆ మరుసటి సంవత్సరమే 'డాన్సెస్ విత్ వుల్వ్స్' విడుదలయింది, ఉత్తమ సహాయ నటుడిగా ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 2025 సెప్టెంబరు 1న, 73 ఏళ్ల వయసులో, ఒంటారియోలోని స్ట్రాట్‌ఫర్డ్‌లో కన్నుమూశాడు. ఆ వార్త చదివిన రోజునే మా నాటక మిత్రుల మధ్య ఈ ఆలోచన పుట్టింది.

ముందుగా హాలు సంగతి చూద్దాము. ఫోనులోనే బుక్ చేసుకోవచ్చు, సగం సొమ్ము ముందే పంపాలి. మూడు గంటల స్లాటుకు 1,200 రూపాయలు, నలుగురికి మించితే మనిషికి 150 చొప్పున అదనం. అంటే ఆరుగురికి 1,500. ఎనిమిది మంది పట్టే హాలు, వెనక్కి వాలే కుర్చీలు, చక్కటి ఏసీ. అలంకరణ మాకు అవసరం లేదని మొదటే చెప్పాము. అలంకరణ లేకపోయినా ధర తగ్గదన్నారు. ధర తగ్గనప్పుడు అది ఉంటే మాత్రం మీకేమి నష్టమని అడిగి, అలాగే ఉంచేశారు. నష్టం ఏమిటో సినిమా మొదలైన పావుగంటకు తెలిసింది. కేకు బల్లా, దాని వెనుక కట్టిన బెలూన్ల తోరణమూ కలిసి తెర అడుగుభాగాన్ని కప్పేశాయి, సబ్‌టైటిల్స్ వచ్చేది సరిగ్గా అక్కడే. 'డాన్సెస్ విత్ వుల్వ్స్'లో లకోటా భాష మాట్లాడే సన్నివేశాలన్నిటికీ ఆంగ్లంలో అక్షరాలు పడతాయి, అవి కనబడకపోతే సగం కథ పోతుంది. చివరకు హాలు చూసుకొనే కుర్రవాడూ మేమూ కలిసి బల్లను పక్కకు జరిపి, తోరణాన్ని ఊడదీశాము. తరువాతి ఆదివారాల్లో మేము వెళ్లేసరికే బల్ల గోడవారకు చేరి ఉండేది. చెప్పిన మాట గుర్తుపెట్టుకోవడం ఈ హాలువారి సుగుణం.

సౌండు సంగతి కొంచెం వివరంగా చెప్పాలి. అక్కడి స్పీకర్లను పాటలకు అనువుగా, బేస్ బాగా పెంచి పెట్టారు. గుర్రాలు పరుగెత్తినప్పుడు కుర్చీ అదిరింది కానీ, మనుషులు మాట్లాడుకుంటే గొంతులు బావిలోంచి వచ్చినట్టు ఉన్నాయి. బేస్ తగ్గించి మాట స్పష్టంగా వినబడేటట్టు పెట్టమని అడిగితే ఆ కుర్రవాడు వింతగా చూశాడు. "ఏటి మాస్టారూ, అందరూ ఎక్కువెట్టమంటారు, మీరేటి తక్కువెట్టమంటారు?" అన్నాడు. అయినా ఓపికగా రిమోట్ పట్టుకొని పది నిమిషాలు సర్దాడు. దాని తరువాత హాలు వేరే హాలైపోయింది. గోడలకు వేసిన మెత్తటి పరుపు మంచిదే. రెండో ఆదివారం దీపావళి ముందురోజు, వీధిలో బాణాసంచా మోగుతున్నా లోపలికి చెప్పుకోదగ్గంతగా వినబడలేదు. కాబట్టి సౌండులోని తప్పు హాలు కట్టడంలో లేదు, దాన్ని సర్దిన తీరులోనే ఉంది.

ఆ సర్దుబాటు తరువాతే కికింగ్ బర్డ్ పాత్రలో గ్రీన్ ఏమి చేశాడో మాకు అర్థమైంది. ఆ పాత్ర లకోటా తెగలోని ఒక వైద్యగురువు. తెల్ల సైనికుణ్ని శత్రువుగా చూడాలో అతిథిగా చూడాలో తేల్చుకోవలసిన బాధ్యత ఆయన మీద పడుతుంది. ఆ సైనికుడిగా వేసిన కెవిన్ కాస్ట్‌నర్ తల మీద వేళ్లు కొమ్ముల్లా పెట్టుకొని అడవిదున్నను అభినయించే సన్నివేశం చాలామందికి గుర్తుండే ఉంటుంది. పక్కనున్న యోధుడు ఈ మనిషికి పిచ్చెక్కిందని విసుక్కుంటూ ఉంటే, గ్రీన్ మాత్రం కళ్లు కొంచెం చిన్నవి చేసి చూస్తూ ఉంటాడు, అర్థమైన క్షణాన ముఖంలో వెలుగు మెల్లగా పరుచుకుంటుంది. ఆ తరువాతే అడవిదున్నకు లకోటా మాటైన 'తతాంక' వస్తుంది. మా బృందంలో డెబ్బై దాటిన పద్యనాటక నటుడు ఒకరున్నారు, హరిశ్చంద్రలో వీరబాహు వేషంతో ఈ ప్రాంతమంతా తిరిగిన మనిషి. ఆ సన్నివేశం మళ్లీ వేయించుకొని చూసి, ఎదుటివాడు ఆడుతున్నప్పుడు ఊరికే నిలబడటం తమ తరానికి ఎవరూ నేర్పలేదని, తన వంతు పద్యం ఎప్పుడొస్తుందా అని చూడటంతోనే సరిపోయేదని ఒప్పుకున్నారు.

గ్రీన్‌కు లకోటా మాతృభాష కాదు. ఆయన ఒనైడా, ఆ భాష ఇరొక్వోయన్ కుటుంబానికి చెందినది. లకోటా సూ కుటుంబానికి చెందినది. రెండూ ఆదివాసీ భాషలే కదా అనుకోవడం, సవరా తెలుగూ రెండూ మన జిల్లాల్లోనే వినిపిస్తాయి కనుక ఒకటే అనుకోవడం వంటిది. ఈ పోలిక నాది కాదు, సీతంపేట ఏజెన్సీలో ఆశ్రమ పాఠశాల ఉపాధ్యాయుడిగా పనిచేసే మా సవర మిత్రుడిది. సవర ముండా భాష, తెలుగు ద్రావిడ భాష; గిడుగు రామమూర్తి గారు సవరకు వ్యాకరణమూ నిఘంటువూ కూర్చడానికి ఏళ్లకేళ్లు ఎందుకు పట్టిందో బడిలో పిల్లలకు రోజూ పాఠం చెప్పే తనకు తెలుసునన్నాడు. ఆ సినిమా సంభాషణలను లకోటాలోకి మార్చి, నటులకు పలకడం నేర్పినది డోరిస్ లీడర్ చార్జ్ అనే లకోటా ఉపాధ్యాయిని, ఆమె తెర మీద కూడా ఒక చిన్న పాత్రలో కనిపిస్తుంది. పరాయి భాషను బట్టీపట్టి పలుకుతున్న నటుడి గొంతులో ఆ బట్టీ వాసన రాకుండా ఉండటం ఎంత కష్టమో, తెలుగు రాని నటుల చేత తెలుగు చెప్పించిన మన సినిమాలు చూసినవారికి చెప్పనక్కరలేదు. గ్రీన్ వాక్యాల మధ్య తీసుకొనే చిన్న విరామాలు ఆ మనిషి ఆలోచించుకొంటున్న విరామాల్లా ఉంటాయి, మరచిపోయిన ముక్కను వెతుక్కొంటున్నట్టు అనిపించవు. బేస్ మోతలో ఇదంతా కొట్టుకుపోయి ఉండేది.

ఇక్కడే పెద్ద ఫిర్యాదు ఒకటి ఉంది. ఆ సినిమా నిడివి 181 నిమిషాలు. స్లాటు మూడు గంటలు, అంటే 180 నిమిషాలు. మేము లెక్క వేసుకోకపోవడం మా తప్పే కావచ్చు. అయితే సినిమా పేరు ముందే చెప్పి బుక్ చేసుకున్నప్పుడు వారు కూడా చూసి ఉండవలసింది. పైగా స్లాటు చివరి పది నిమిషాలు శుభ్రం చేసుకోవడానికన్న నియమం ఉందట, దానిని ఎక్కడా రాసి పెట్టలేదు. బల్ల జరపడానికీ సౌండు సర్దడానికీ పోయిన సమయం సరేసరి. ఫలితంగా, చలికాలపు శిబిరంలో కికింగ్ బర్డూ ఆ సైనికుడూ విడిపోయే ముందు ఒకరికొకరు చిలుములు ఇచ్చిపుచ్చుకొనే సన్నివేశానికి ఇంకా చాలా ముందే హాలులో దీపాలు వెలిగాయి. బయట ఒక అయిదేళ్ల పాప మెరుపుల గౌనులో, చుట్టూ పదిమంది బంధువులతో, తన వంతు కోసం నిలబడి ఉంది. ఆ పాప ముందు మేము ఎవరితోనూ తగాదా పడలేకపోయాము.

రెండో ఆదివారం రిచర్డ్ డానర్ దర్శకత్వంలో 1994లో వచ్చిన 'మావెరిక్' చూశాము. మిత్రులు దీన్ని ఎందుకు ఎంచావని నన్ను అడిగారు; జూదగాళ్ల కథ, మెల్ గిబ్సన్ హాస్యం, గ్రీన్‌కు ఉన్నది కాసేపే. కానీ నాలుగు వారాల్లో ఎక్కువసేపు మాట్లాడుకున్నది ఆ కాసేపటి గురించే. అందులో గ్రీన్ పాత్ర పేరు జోసెఫ్. రంగులు పూసుకున్న మనుషులతో గుర్రాల మీద ఎదురొచ్చేసరికి బండిలోని ప్రయాణికులు హడలిపోతారు, గిబ్సన్ మాత్రం పక్కకు వెళ్లి అతనితో పాత స్నేహితుడిలా అప్పు లెక్కలు మాట్లాడతాడు. అసలు సంగతి ఏమిటంటే, రష్యా నుంచి వచ్చిన ఒక దొర 'నిజమైన ఇండియన్లు' ఎలా ఉంటారో చూడాలని డబ్బు ఇస్తున్నాడు, అందుకని జోసెఫ్ ఆ దొరకు ఏది కావాలో అది ఆడి చూపిస్తున్నాడు. దొర ఎదుట గంభీరమైన ముఖం, దొర అటు తిరగగానే ఈ వేషం వేయలేక చస్తున్నానన్న విసుగు. ఒక ఆదివాసీ నటుడు, ఆదివాసి అంటే ఇలాగే ఉండాలన్న వేషాన్ని వేస్తున్న ఆదివాసి పాత్రను వేయడం ఇది. గ్రీన్ ఈ రెండు ముఖాల మధ్య మారడానికి అర సెకను కూడా తీసుకోడు.

మన తెలుగు వేదిక మీదా తెర మీదా కోయదొర వేషం ఎలా ఉంటుందో తెలియని వారుండరు. తలకు ఈకలు, మెడలో పూసలు, చేతిలో మూలికల సంచి, మాట మాటకూ వంకర తిప్పిన తెలుగు. ఆ వేషం వేసినవారు కోయలు కారు, ఆ తెలుగు ఏ కోయ ఊరిలోనూ వినబడదు. అమెరికా సినిమా తన మూలవాసులకు ఈకలు తొడిగినట్టే మనమూ మనవారికి తొడిగాము. మా వీరబాహు మాస్టారు తన యౌవనంలో ఆ వేషం వేసి ఒన్స్ మోర్ కొట్టించుకున్నవారే, జోసెఫ్‌ను చూసి మొదట అందరికంటే గట్టిగా నవ్వినదీ ఆయనే. తరువాత సవర మిత్రుడు, అధికారులు వచ్చిన ప్రతిసారీ బడి పిల్లలకు ఆకులూ ఈకలూ కట్టి నిలబెట్టమంటారని, పిల్లలు ఇంటి దగ్గర ఎన్నడూ అలా ఉండరని, ఆ ఆకులు విప్పి ప్యాంటూ చొక్కా వేసుకున్నాక వాళ్లలో వాళ్లు వచ్చినవారిని అనుకరిస్తూ చేసే హాస్యం ఈ జోసెఫ్‌కు ఏమాత్రం తీసిపోదని చెప్పాడు. మాస్టారు ఏమీ అనలేదు. టీ తాగేటప్పుడు మాత్రం, ఆ అనుకరణ తనకు ఒకసారి చూడాలని ఉందన్నారు.

మూడో వారం 1992 నాటి 'థండర్‌హార్ట్'. మైకేల్ ఆప్టెడ్ దర్శకుడు, గ్రీన్ గిరిజన పోలీసు వాల్టర్ క్రో హార్స్. పట్నం నుంచి వచ్చిన ఎఫ్‌బీఐ యువకుడిని అతి వేగంగా బండి నడిపావని ఆపి, ఆ సంగతి తనకు గాలి చెప్పిందంటాడు. అది నమ్మకమో వెక్కిరింతో ఆ యువకుడికీ తెలియదు, మనకూ తెలియదు. నేల మీద అడుగుజాడలు చూసి హంతకుడి శరీరపు బరువు చెప్పే పోలీసు ఇతను. జోసెఫ్ వేసిన వేషాన్నే ఇతడు ఆయుధంగా వాడుకుంటున్నాడని మాకు తోచింది. సినిమాగా చూస్తే రెండో సగం కాస్త హడావుడిగా ఉంది. ఆ రోజు హాలులో ప్రొజెక్టర్ వెలుగు కూడా తగ్గినట్టుండి, రాత్రి సన్నివేశాల్లో నల్లటి నీడలు తప్ప ఏమీ కనబడలేదు. దీపం మార్చవలసిన సమయం దగ్గర పడిందని కుర్రవాడే ఒప్పుకున్నాడు.

ఈ మధ్యలో ఒక లోటు గురించి కూడా చెప్పాలి. గ్రీన్ జీవితంలో నాటకం సినిమాకు మెట్టుగా మాత్రమే మిగిలిపోలేదు. హాలీవుడ్ పేరు తెచ్చిన తరువాత కూడా రంగస్థలానికి తిరిగి వచ్చాడు. 2007లో స్ట్రాట్‌ఫర్డ్ నాటకోత్సవంలో షేక్‌స్పియర్ 'వెనిస్ వర్తకుడు'లో షైలాక్‌గా, 'ఆఫ్ మైస్ అండ్ మెన్'లో లెన్నీగా ఒకే సంవత్సరంలో నటించాడు. నలుగురి ఛీత్కారాల మధ్య నిలబడి న్యాయం అడిగే యూదు వర్తకుణ్ని ఒక ఒనైడా నటుడు ఎలా పలికి ఉంటాడో చూడాలని ఎవరికి ఉండదు? కానీ నాటకం ఆడిన రోజుతోనే పోతుంది. 1892లో 'కన్యాశుల్కం' మొదటిసారి ఆడిన ఈ ఊరివాళ్లకు ఆ బాధ కొత్త కాదు. గురజాడ ఎదుట గిరీశం వేసిన మనిషి ఆ మొదటి ప్రవేశంలో ఏ గొంతుతో మాట్లాడాడో మనకు ఎవరు వినిపిస్తారు?

నాలుగో ఆదివారం కోసం నేను దాచుకున్నది 'స్కిన్స్', 2002లో వచ్చిన సినిమా. దర్శకుడు క్రిస్ ఐర్ కూడా ఆదివాసీయే. దక్షిణ డకోటాలోని పైన్ రిడ్జ్ రిజర్వేషన్‌లో చిత్రీకరించారు. అమెరికాలో ఉద్యోగం చేస్తున్న మా అబ్బాయి డిస్కు పంపితే, హాలువారి దగ్గర డిస్కు ప్లేయర్ లేకపోవడం వల్ల ఇంటి నుంచి మాదే మోసుకొని వెళ్లాము. ఆ తీగలన్నీ కలపడానికి అదనంగా ఏమీ తీసుకోలేదు, అది మెచ్చుకోవాలి. కథ ఇద్దరు అన్నదమ్ములది. తమ్ముడు పోలీసు, అన్న మోగీ వియత్నాం యుద్ధం నుంచి తిరిగొచ్చి తాగుడులో మునిగిపోయినవాడు. మోగీ పాత్ర గ్రీన్‌ది. రిజర్వేషన్ సరిహద్దు అవతల తన జనానికి మద్యం అమ్మే దుకాణాన్ని తమ్ముడు కోపంతో తగలబెడతాడు, అప్పుడు దాని కప్పు మీద ఉన్నది అన్నే.

మన నాటకాల్లో తాగుబోతు ప్రవేశించగానే తూలాలి, నాలుక మడతపడాలి, స్తంభాన్ని పట్టుకోవాలి. గ్రీన్ ఇవేవీ చేయడు. మోగీ నవ్విస్తాడు, నిరంతరం నవ్విస్తాడు, ఆ హాస్యం ఆగిన చోట మనిషి ఎంత లోతుగా మునిగిపోయాడో తెలుస్తుంది. కొడుకు ముందు సిగ్గు పడే సమయంలో కూడా ముందు ఒక పరిహాసం వేసి, అది పండలేదని తెలుసుకొని, చూపు తిప్పుకుంటాడు. నలభై ఏళ్లు దాటిన నటనలో ఆయనకు ఇంత పెద్ద పాత్ర తెర మీద ఎన్నిసార్లు దొరికిందని లెక్కపెడితే బాధ కలుగుతుంది. ఆస్కార్ దాకా వెళ్లిన నటుణ్ని హాలీవుడ్ ఎక్కువగా పోలీసుగానో, పెద్దమనిషిగానో, కథలో ఎవరికో దారి చూపి తప్పుకొనేవాడిగానో వాడుకుంది. 'డై హార్డ్' మూడో భాగంలో న్యూయార్క్ డిటెక్టివ్‌గా వేసినప్పుడు ఆ పాత్ర జాతి గురించి ఎవరూ మాట్లాడరు, అది ఒక రకంగా ముందడుగు. అయితే ఆ పాత్రకు చేయడానికి పెద్దగా ఏమీ లేదు. ఆయనకు పెద్ద పాత్ర ఇచ్చినది ఒక ఆదివాసీ దర్శకుడు, చిన్న ఖర్చుతో తీసిన సినిమాలో.

'స్కిన్స్' 84 నిమిషాలే కనుక చాలా సమయం మిగిలింది. 1999 నాటి 'ది గ్రీన్ మైల్'లో గ్రీన్ ఉన్న తొలి భాగం చూశాము. మరణశిక్ష పడిన ఆర్లెన్ బిటర్‌బక్, చివరి ఘడియల్లో జైలు అధికారిని అడుగుతాడు: మనిషి నిజంగా పశ్చాత్తాపపడితే, తన బతుకులో అన్నిటికంటే సంతోషంగా గడిపిన కాలానికి తిరిగి వెళ్లి అక్కడే ఉండిపోవచ్చునా అని. మూడు గంటలు దాటిన సినిమాలో ఆయన ఉండేది కొన్ని నిమిషాలు. మా మధ్య గుసగుసలు కూడా అక్కడ ఆగిపోయాయి. హాలు కుర్రవాడు తలుపు దగ్గరే నిలబడి చూశాడు, రిమోట్ చేతిలో ఉన్నా దేన్నీ సర్దలేదు.

ఆ తరువాత మొదటి వారం పోగొట్టుకున్న చిలుముల సన్నివేశం దగ్గర నుంచి వేయించుకోబోయాము. ఓటీటీలో ఆ సినిమా అప్పటికే తొలగించారు. ఏ సినిమా ఏ ఓటీటీలో ఎంతకాలం ఉంటుందో చెప్పలేము, ఇది హాలువారి తప్పు కాదు. కానీ ఖాతా మనదే అయి ఉండాలి గనుక, వెళ్లేముందే చూసుకోవడం మంచిది.

ఈ హాలుకు వెళ్లదలచుకున్నవారికి నాకు తోచినవి ఇవి. సినిమా నిడివికి ఇరవై నిమిషాలు కలిపి, అది స్లాటులో పడితేనే బుక్ చేయండి. అలంకరణ వద్దని ముందురోజే ఫోను చేసి చెప్పండి. బేస్ తగ్గించమని అడగడానికి మొహమాటపడకండి. పగటి స్లాటు అయితే ప్రొజెక్టర్ వెలుగు చాలదు, తలుపు సందులోంచి వెలుతురు వస్తుంది, సాయంత్రం తీసుకోండి. మా సవర మిత్రుడిలా పాలకొండ వైపు చివరి బస్సు అందుకోవలసినవారికి మాత్రం సాయంత్రం కుదరదు. మరుగుదొడ్డి శుభ్రంగా ఉంది. టీ బయటే తాగండి.

మేము మళ్లీ వెళుతున్నాము. 'డాన్సెస్ విత్ వుల్వ్స్' డిస్కు కూడా పంపమని మా అబ్బాయికి చెప్పాను. ఈసారి రెండు స్లాట్లు కలిపి తీసుకొని, ఆ సినిమా చివరి దాకా చూసి, మిగిలిన సమయంలో మాస్టారి కోరిక మేరకు సవర మిత్రుడి బడి పిల్లలు నలుగురిని పిలిపించి, దొరలను అనుకరించే వారి ఆటను ఆ బెలూన్ల వేదిక మీదే ఆడించుకోవచ్చునా అని యజమానిని అడిగాము. అంతమందైతే మనిషికి 200 అవుతుందన్నాడు, పిల్లలకు సగం.